నీలిమందు కుండలో కనపడని కూలీలు

నీలిమందు బిళ్ళను ఎంత మెత్తగా నూరి నీళ్ళలో వేసినా కరగదు. కాచినా కరగదు. ఆ నీళ్ళలో నూలు చిలపను ముంచి తీస్తే పైపైన కాస్త నీలం అంటుకుంటుంది, రెండుసార్లు జాడిస్తే పోతుంది. అలాంటి మొండి సరుకుతో అద్దిన బట్ట పదిహేడో, పద్దెనిమిదో శతాబ్దాల్లో కృష్ణా, గోదావరి తీరాల నుంచి ఓడలకెక్కి సముద్రాలు దాటింది. కరగని రంగును నూలు లోపలికి ఎక్కించే పని అద్దకంవాళ్ళ చేతుల వల్ల అయ్యింది కాదు. కుండలో ఉన్న సూక్ష్మజీవులు చేసిపెట్టాయి.

మంగళగిరిలో ఇవాళ నూలుకు రంగేసే షెడ్డులోకి వెళ్తే ఆ పని చేసేది ఒక తెల్లటి పొడి. పుస్తకాల్లో దాని పేరు సోడియం హైడ్రోసల్ఫైట్, షెడ్డులో హైడ్రోస్. కాస్టిక్ సోడా కలిపిన వేడినీళ్ళలో రంగూ హైడ్రోసూ పడ్డాక, కర్రలకు వేలాడదీసిన చిలపలను అటూ ఇటూ తిప్పుతూ ముంచుతారు. నిజాం బార్డరు చీరకు పడుగుకో పేకకో వెళ్ళాల్సిన నూలు తొట్టిలో ఉన్నప్పుడు ఒక రంగులో కనిపిస్తుంది, బయటికి తీసి గాలి తగలనిస్తే చాలాసార్లు మరో రంగులోకి తిరుగుతుంది. నీలిమందు వేసిన తొట్టి అయితే ఈ తేడా మరీ కొట్టొచ్చినట్టుంటుంది. నూలు పసుపు కలిసిన ఆకుపచ్చగా పైకొచ్చి, పిండేవాళ్ళ చేతుల్లోనే నీలమైపోతుంది. హైడ్రోస్ ఈ పనికి కుదిరింది ఇరవయ్యో శతాబ్దం మొదట్లోనే. అంతకు ముందు ఇక్కడి కథ అంతా కుండదే.

డచ్చివాళ్ళు మచిలీపట్నం చేరింది 1605–06 ప్రాంతంలో. వెంటనే నిజాంపట్నంలోనూ, తర్వాత పాలకొల్లులోనూ కొట్లు పెట్టారు. 1611లో గ్లోబ్ అనే ఓడలో ఇంగ్లీషువాళ్ళూ ఇక్కడికి వచ్చారు. వాళ్ళకు కావలసింది మిరియాలు. మిరియాలు పండే తూర్పు దీవుల్లో వెండి కంటే బాగా చెల్లేది కోరమాండల్ బట్ట. అందుకని మగ్గాలూ అద్దకం కుండలూ ఎక్కడుంటే వర్తకుడు అక్కడికి చేరాడు. నిజాంపట్నం చుట్టుపక్కల దొరికే చిరివేరు ఎరుపుకు పేరెన్నికగన్నది. పాలకొల్లులో డచ్చివాళ్ళు నీలి బట్ట అద్దించారు.

ఎరుపుకూ నీలానికీ దారులు వేరు. చిరివేరు ఎరుపు కావాలంటే పటిక నీళ్ళతో కావలసినచోట గీసుకుని, ఆ తర్వాత బట్టను వేరుతో ఉడకబెడితే సరిపోతుంది. పటిక పడినచోటే ఎరుపు పట్టుకుంటుంది. నీలాన్ని కలంతో గీయడం కుదరదు. కుండలోంచి తీసిన రంగు కలం చివరికొచ్చేలోపే గాలి తగిలి మళ్ళీ కరగని పొడిగా మారిపోతుంది. అందుకే కలంకారీ పనివాళ్ళు నీలం అక్కర్లేని చోటంతా మైనం పూసి, బట్ట మొత్తాన్ని నీలి కుండలో ముంచేవాళ్ళు. చేతినిండా నైపుణ్యం ఉన్న చిత్రకారుడు కూడా ఈ ఒక్క రంగు కోసం మైనంతో తంటాలు పడి, నీలి కుండ కాచేవాడి గుమ్మం తొక్కవలసి వచ్చేది. కుండ కాయడం అంత ప్రత్యేకమైన పని.

బిళ్ళ తయారీలోనూ నీళ్ళదీ గాలిదీ ఆటే. నీలి చెట్టు ఆకులో నీలం ఉండదు. ఇండికాన్ అనే రంగులేని పదార్థం ఉంటుంది. ఆకును తొట్టిలో నానబెడితే అందులోని ఎంజైములూ నీళ్ళలో పెరిగే బాక్టీరియా కలిసి ఇండికాన్ నుంచి చక్కెర ముక్కను కోసేస్తాయి. మిగిలిన నీళ్ళను రెండో తొట్టిలోకి వదిలి, మనుషులు దిగి తెడ్లతో గంటల తరబడి చిలుకుతారు. గాలి కలిసేకొద్దీ నీలం పుట్టి అడుక్కి దిగుతుంది. దాన్ని కాచి, వడగట్టి, నొక్కి బిళ్ళలుగా కోస్తారు. ఆంధ్ర ప్రాంతంలో పచ్చి ఆకుకు బదులు ఎండబెట్టిన ఆకుతో చేసే పద్ధతి ఎక్కువగా నడిచింది. కడప నుంచి వెళ్ళిన సరుకును లండన్ బజారులో ‘కుర్పా’ అని పిలిచేవాళ్ళు. బెంగాల్లో 1859–60లో రైతులు తిరగబడేదాకా తెచ్చిన దొరల తోటల పద్ధతి ఇక్కడ అంతగా వేళ్ళూనలేదు.

సామర్లకోటలో ఉండి మొక్కల మీద పనిచేసిన విలియం రాక్స్‌బర్గ్ అంకుడు చెట్టు ఆకుల నుంచి కూడా నీలం తీయవచ్చని చూపించాడు. ఏటికొప్పాక లక్కబొమ్మలకు వాడే అంకుడు కర్ర ఉందే, ఆ చెట్టే. ఆ ఆకును వేడినీళ్ళలో మగ్గబెట్టాలన్నాడు. ఆలోచన బాగానే ఉంది, నీలి చెట్టును మాత్రం అది పక్కకు నెట్టలేకపోయింది. అయితే ఈ కథకు రాక్స్‌బర్గ్ ఇచ్చిన అసలైన ఆధారం వేరే ఉంది: కోరమాండల్ అద్దకంవాళ్ళు నీలిమందుతోపాటు తగిరిస గింజలు వాడతారని ఆయన నమోదు చేశాడు. తంటెం అని కూడా అంటారు. వానాకాలంలో చేల గట్ల మీద, రోడ్డు పక్కన పసుపు పూలతో దానంతటదే మొలిచే కలుపు మొక్క. లేత ఆకును కూర వండుకుంటారు. గింజను గేదెలు కూడా పట్టించుకోవు. నీలి కుండకు మాత్రం అదే ఆహారం.

కుండ కట్టడం ఇలా ఉండేది. పెద్ద బానను మెడదాకా నేలలో పాతుతారు, వేడి నిలబడాలని. నీళ్ళు, సున్నపు తేట, సౌడు మట్టి నుంచి తీసిన చవుటి నీళ్ళు, నూరిన నీలిమందు, మెత్తగా ఉడకబెట్టిన తగిరిస గింజల జిగురు, కొన్నిచోట్ల బెల్లం. మూత పెట్టి రోజుల తరబడి వదిలేస్తారు. పొద్దునా సాయంత్రం నెమ్మదిగా ఒకసారి కలపడం, అంతే. ఎక్కువ కలిపితే గాలి చేరి పాడవుతుంది. నాలుగో రోజో అయిదో రోజో పైన రాగి మెరుపున్న పొర కడుతుంది, దాన్ని పక్కకు తోస్తే కింద నీళ్ళు నీలంగా ఉండవు. పచ్చటి పసుపులో ఉంటాయి. ఒక రకమైన పులిసిన కంపు. అప్పుడు కుండ పనికొచ్చినట్టు. వాసన మారినా, పొర చెదిరినా, నీళ్ళు మళ్ళీ నీలానికి తిరిగినా సున్నమో గింజల జిగురో వేసి సరిచేసుకోవాలి. ఏది వెయ్యాలో చెప్పేది ముక్కూ నాలుకే. చలికాలంలో అయితే ఎంత చేసినా మందకొడిగానే నడుస్తుంది.

ఆ పచ్చ నీళ్ళలో జరిగే వ్యవహారం ఏ కణంలోనైనా జరిగేదే. తిండిని విడగొడితే ఎలక్ట్రాన్లు బయటపడతాయి. వాటిని పుచ్చుకునేది ఒకటి ఉండాలి, లేకపోతే లోపలి పని ఆగిపోతుంది. మనుషులకు ఆ పుచ్చుకునేది ఊపిరితో వచ్చే ఆక్సిజన్. మూత వేసిన కుండలో ఆక్సిజన్ త్వరగానే అయిపోతుంది. 1861లో లూయీ పాశ్చర్ గాలి లేకుండానే బతికే జీవులున్నాయని చూపించినప్పుడు యూరప్ పండితులు ఆశ్చర్యపోయారు. నీలి కుండకు మూత పెట్టి, కలపకుండా కాపాడినవాళ్ళు ఆ జీవులనే సాకారు. గాలి లేకుండా బతికే బాక్టీరియా తమ ఎలక్ట్రాన్లను కొంత ఆమ్లాల రూపంలో, కొంత హైడ్రోజన్ రూపంలో వదిలించుకుంటాయి. పక్కన నీలిమందు రేణువుంటే దానికీ అంటగడతాయి. ఒక్కో నీలి అణువు రెండేసి ఎలక్ట్రాన్లు పుచ్చుకుని నీలం కోల్పోతుంది, సున్నపు నీళ్ళలో కరుగుతుంది, నూలు పోగులోకి దూరుతుంది. బట్టను పైకి తీయగానే గాలిలోని ఆక్సిజన్ ఆ ఎలక్ట్రాన్లను లాగేసుకుంటుంది. రంగు మళ్ళీ కరగనిదైపోయి పోగులోనే చిక్కుకుంటుంది. ఉతికితే పోకపోవడానికి కారణం అదే. ఆమ్లాలు పెరిగి కుండ పులిస్తే రంగు కరగదు కాబట్టే సున్నం అన్నిసార్లు వెయ్యాల్సి వచ్చేది.

పాలలో బాక్టీరియా ఎంతున్నాయో చూడడానికి డెయిరీల్లో చేసే పరీక్ష కూడా ఇలాంటిదే. పాలలో మెథిలీన్ బ్లూ అనే నీలం చుక్క వేస్తారు. ఎంత త్వరగా రంగు పోతే పాలు అంత పాడైనట్టు లెక్క.

సూక్ష్మజీవికి ఇందులో గిట్టుబాటు ఏమిటి? దానికి సమాధానం దొరికిన తీరులో కూడా ఒక నీలం ఉంది. డచ్చివాళ్ళు బట్ట అద్దించిన పాలకొల్లుకు దగ్గర్లోని భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు, హార్వర్డ్‌లో సైరస్ ఫిస్క్‌తో కలిసి ఫాస్ఫరస్‌ను కొలిచే పద్ధతిని 1925లో ప్రకటించారు. ద్రవంలో మాలిబ్డినం కలిపి, దానికి ఎలక్ట్రాన్లు అందిస్తే నీలం వస్తుంది. నీలం ఎంత చిక్కనైతే ఫాస్ఫరస్ అంత ఎక్కువ. (నీలిమందు ఎలక్ట్రాన్లు పుచ్చుకుంటే రంగు పోతుంది, మాలిబ్డినం పుచ్చుకుంటే రంగు వస్తుంది. రసాయనశాస్త్రానికి ఇలాంటి తమాషాలు ఇష్టం.) కండరాల రసాన్ని అలా పరీక్షిస్తే నీలం రావలసినంత వేగంగా రాలేదు, నింపాదిగా చిక్కబడింది. ఇంకొకరైతే పరీక్ష చెడిందని పారబోసేవారేమో. ఈ ఇద్దరూ ఆ ఆలస్యం వెంటపడి, 1927లో ఫాస్ఫోక్రియాటిన్‌ను, 1929లో ఏటీపీని బయటపెట్టారు. అదే ఏడాది జర్మనీలో కార్ల్ లోమన్ కూడా విడిగా ఏటీపీని కనుక్కున్నాడు. తిండి నుంచి వచ్చే శక్తిని ప్రతి కణమూ ఖర్చుకు వాడుకునేది ఏటీపీ రూపంలోనేనని తర్వాతి దశాబ్దాల్లో తేలింది. ఇవాళ మంగళగిరి ఎయిమ్స్‌లో చేరిన విద్యార్థి మొదటి ఏడాదిలోనే నేర్చుకునే పాఠం ఇది.

ఆ లెక్కలో చూస్తే కుండలోని బాక్టీరియాది బీద బతుకు. ఒక గ్లూకోజు అణువును ఆక్సిజన్‌తో పూర్తిగా వాడుకుంటే సుమారు 30 ఏటీపీలు వస్తాయి. గాలి లేకుండా పులియబెట్టుకుంటే మామూలుగా రెండే. మంగళగిరి పానకాలస్వామి నోట్లో పోసిన బెల్లం పానకంలో సగం తాను పుచ్చుకుని సగం భక్తులకు వదులుతాడంటారు. ఈ జీవి సగం కాదు, తిండిలోని శక్తిలో ఎక్కువ భాగం వదిలేస్తుంది. అందుకే కడుపు నింపుకోవడానికి అంత తిండి తినాలి, అన్ని ఎలక్ట్రాన్లు ఎక్కడో ఒకచోట దించుకోవాలి. దాని లేమే అద్దకానికి కలిసొచ్చింది.

తగిరిస గింజ దగ్గరికి మళ్ళీ రావాలి. దాని జిగురు బాక్టీరియాకు తిండి అన్నది తేలిగ్గానే తడుతుంది. కానీ నీలి రేణువు బాక్టీరియా మింగలేని గట్టి సరుకు. ఎలక్ట్రాన్లను గోడ దాటించి మోసుకెళ్ళే చిన్న అణువులుంటే పని వేగంగా సాగుతుంది. బ్రిటన్‌లోని రీడింగ్ విశ్వవిద్యాలయం వాళ్ళు యూరప్ పాతకాలపు నీలి తొట్టిని మళ్ళీ కట్టి, అందులోంచి ఒక కొత్త బాక్టీరియాను పట్టుకున్నారు. 1999లో దానికి క్లాస్ట్రిడియం ఐసాటిడిస్ అని పేరు పెట్టారు. ఆంత్రాక్వినోన్ జాతి పదార్థాలు తోడైతే అది నీలిమందును మరింత త్వరగా కరిగిస్తుందని తర్వాతి ప్రయోగాల్లో చూశారు. తగిరిస గింజలో ఉన్నవి ఆ జాతి పదార్థాలే. అంటే ఆ గింజ తిండితోపాటు మోతగాళ్ళనూ ఇచ్చిందనుకోవడానికి వీలుంది. చేల గట్ల మీద ఉన్న వందల గింజల్లో దీన్నే ఏరుకున్నవాళ్ళు ఎన్ని కుండలు పాడుచేసుకుని ఏరుకున్నారో.

ఇలాంటి పని కుండలోనే కాదు, పొలంలోనూ జరుగుతుంది. 1855లో బెజవాడ దగ్గర కృష్ణ మీద ఆనకట్ట పూర్తయ్యాక డెల్టా పొలాలే పెద్ద కుండలయ్యాయి. నీరు నిలబెట్టిన వరిమడిలో కొద్ది రోజుల్లోనే ఆక్సిజన్ అయిపోతుంది. మట్టిలోని జీవులు తమ ఎలక్ట్రాన్లను నైట్రేటుకు, మాంగనీసుకు, ఇనుముకు, సల్ఫేటుకు వరసగా అప్పగిస్తూ పోతాయి. చివరికి మీథేన్ బుడగలు లేస్తాయి. వరి దుబ్బు పీకి చూస్తే ఒండ్రు బూడిదరంగులో, వేళ్ళ మీద మాత్రం తుప్పు ఎరుపు కనబడుతుంది. వేళ్ళు వదిలే కొద్దిపాటి ఆక్సిజన్ తగిలి ఇనుము మళ్ళీ ఎర్రబడిన గుర్తు అది.

మళ్ళీ నీలానికొస్తే, నీలి చెట్టు పంటను కూల్చింది జర్మనీ. అడోల్ఫ్ ఫాన్ బేయర్ 1880లో నీలాన్ని ప్రయోగశాలలో తయారుచేశాడు, 1897లో బీఏఎస్ఎఫ్ కంపెనీ దాన్ని చవకగా అమ్మకానికి పెట్టింది. మద్రాసు రాజధానిలో నీలి సాగు ఆ తర్వాత బాగా తరిగిపోయింది. మనం మాట్లాడుకునే ఈ మార్పులో ఎక్కువమంది పట్టించుకోనిది రెండో దెబ్బ. కృత్రిమ నీలం కూడా కరగనిదే, కుండలో దానికీ బాక్టీరియా కావాల్సిందే. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో హైడ్రోస్ డబ్బాల్లో వచ్చాకే కుండ నిజంగా చచ్చిపోయింది. నాలుగైదు రోజుల పని గంటలోపే అయిపోతుంది. చలికాలమని ఆగదు, వాసన చూసి చెప్పే పెద్దమనిషి అక్కర్లేదు. మంగళగిరిలో వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు 1807–09 మధ్య కట్టించిన పదకొండు అంతస్తుల గాలిగోపురం చుట్టూ ఉన్న గుంట మగ్గాలకు కావలసినంత నూలు, అడిగిన ఛాయలో, చెప్పిన రోజుకు అందాలంటే అదే దారి. కుండ కోసం బెంగపడే పట్నం కొనుగోలుదారు చీర ధర విన్నాక సాధారణంగా హైడ్రోస్ వైపే మొగ్గుతాడు.

సహజ రంగుల మీద మోజు పెరిగాక తెలుగు నేల మీద అక్కడక్కడా పులిసిన కుండలు మళ్ళీ కట్టారు. జీన్స్ పరిశ్రమ ఎంత నీలం తాగుతుందో తెలిసినవాళ్ళు హైడ్రోస్‌కు బదులు బాక్టీరియాతోనో, ఎంజైములతోనో, నేరుగా కరెంటుతోనో ఎలక్ట్రాన్లు అందించే దారులు వెతుకుతున్నారు. వాళ్ళ తొందరకు కారణం ఉంది. హైడ్రోస్ తన పని ముగించాక సల్ఫైటుగా, సల్ఫేటుగా మారి మురుగులోకి పోతుంది. గాలి తగలకుండా నిలిచిన మురుగులో ఎలక్ట్రాన్లు దించుకునే చోటు కోసం చూస్తుండే మరో రకం బాక్టీరియాకు సల్ఫేటు దొరికితే చాలు. దాన్ని హైడ్రోజన్ సల్ఫైడ్‌గా మార్చి, కుళ్ళిన గుడ్డు కంపును వీధిలోకి వదులుతాయి. కుండలోంచి తీసేసిన కూలీల జ్ఞాతులు కాలువలో పనికి కుదిరారన్నమాట.