మిద్దె కురుస్తున్న రాత్రి

రాత్రి ఒంటిగంట. ముక్కు మీద చుక్క పడి మీకు మెలకువ వస్తుంది. రెండోది పెదవి మీద. మట్టి రుచి, కాస్త ఉప్పగా.

మిద్దె కురుస్తోంది.

రెంటచింతల దగ్గర మీ పెదనాన్న ఇల్లు ఇది. మే నెలలో ఇక్కడ నాపరాయి మీద కాలు మోపలేం. ఆగస్టులో గట్టి వాన పడితే ఇదీ వరస. కరెంటు లేదు. సెల్‌ఫోను లైటు వేస్తారు. సావిడి నడుమ పెద్ద దూలం. సరిగ్గా దాని కిందే పెదనాన్న మంచం. ఇల్లు మొత్తంలో పుచ్చిన దూలం అదొక్కటే. విరిగే చప్పుడు ముందు తనకే వినపడాలట!

ఆయన అప్పటికే లేచి కూర్చున్నాడు.

“తూము పూడిందిరా. పైన నీళ్లు నిలబడ్డాయి.”

పైన జానెడు మందాన చవుడు పరిచి ఉంది. తడవగానే మెత్తబడి సందులు మూసేస్తుంది, నీటిని దిగనివ్వదు. కానీ నీళ్లు కదలకపోతే అదీ ఆపలేదు, ఆ బరువంతా దూలానిదే.

టక్.

మన్ను రాలుతుంది. మనుషులు ఇద్దరు, పనులు రెండు. ఎక్కి తూము తీయాలా? కింద పోటు పెట్టాలా? ఎక్కితే మీ బరువూ దాని మీదే.

“ముందు పోటు!”

వేప గుంజ ఎత్తుతారు. జారుతుంది. మళ్లీ ఎత్తుతారు. అడుగున నాపరాయి ముక్క. ఆయన చెక్క చీల కొడతాడు. ఒకటి. రెండు. టక్. ఊపిరి బిగబట్టండి. మూడు. బిగిసింది.

నిచ్చెన.

“గోడ మీదే నడువు. నడి మిద్దెకి పోబాక!”

చీకటి. వాన. మూరెడు వెడల్పు గోడ. వంగుతారు. తూములో చెయ్యి. బురద. వేపాకుల ముద్ద. పీకుతారు. బుస్సున నీళ్లు.

తెల్లారి టీ తాగుతూ అడుగుతారు, ఇదంతా తీసేసి శ్లాబు వేయిస్తే పోదా అని. ఆయన తూర్పు గోడ దగ్గరికి తీసుకెళ్తాడు. ఎప్పుడో సిమెంటు పూసిన చోట గోరుతో గీరితే పెచ్చు ఊడి మీ అరచేతిలో పడుతుంది. వెనక మన్ను చెమ్మగా ఉంది.

“తేమ బయటికి పోవాలి. సున్నం పోనిస్తుంది, సిమెంటు పోనివ్వదు.”

మూలన ఆయన సరంజామా: పిడుగురాళ్ల సున్నం, ఇసుక, బెల్లం నీళ్లు, నానిన కరక్కాయలు. ఏటా మిర్చి డబ్బులో ముందు తీసేది దీనికే. ఊరు పిచ్చోడంటుంది.

“అట్లూరుకి నరసరావుపేటని పేరు తెచ్చిన మల్రాజు వారి జమీందారీయే ఈస్టిండియా కంపెనీ శిస్తు బాకీల్లో పోయింది. 1973 సీలింగు చట్టంతో మన పొలమూ కొంత పోయింది. మిద్దె ఉంది కదరా!”

మీకూ ఊళ్లో పాత మిద్దె ఉందా? వానలు మొదలవకముందే తూములో ఒకసారి చెయ్యి పెట్టి చూడండి.