బీపీ, షుగర్లకు దూర పర్యవేక్షణ: తెలుగు నేల మీద చరిత్ర

రక్తపోటు, మధుమేహం, గుండె వైఫల్యం, ఆస్తమా లాంటివి ఒకసారి వస్తే జీవితాంతం వెంట ఉండే జబ్బులు. ఈ రోగులను ప్రతిసారీ ఆసుపత్రికి రప్పించకుండా ఫోను, ఉపగ్రహం, ఇంటర్నెట్, ఇంట్లో వాడే కొలత పరికరాల సాయంతో గమనిస్తూ మందులు సరిచేసే పద్ధతిని దూర పర్యవేక్షణ అంటారు. రోగి వివరాలను ఫోనులోనో కంప్యూటరులోనో దాచి, తేదీ తప్పిన వారిని పిలిపించి, డాక్టరుకు మందుల సూచన కూడా ఇచ్చే ఏర్పాటు దీనికి తోడైతే డిజిటల్ సంరక్షణ అవుతుంది. ఈ రంగం చరిత్రను సాధారణంగా పరికరాల వరుసగా చెబుతారు. తెలుగు జిల్లాల పాతికేళ్ల అనుభవంలో మాత్రం పరికరం కంటే, దాన్ని పట్టుకుని ఇంటికి వచ్చిన మనిషి, ఆ తర్వాత మందు అందిందా లేదా అన్న సంగతులే ఎక్కువ లెక్కకొచ్చాయి.

తొలి రూపాలు

నెదర్లాండ్స్‌లోని లైడెన్ నగరంలో విల్లెం ఐంథోవెన్ 1905లో ఆసుపత్రి రోగుల గుండె సంకేతాలను టెలిఫోను తీగ మీద సుమారు కిలోమీటరున్నర దూరంలోని తన ప్రయోగశాలకు రప్పించుకున్నాడు. అప్పటి ఈసీజీ యంత్రం ఒక గదంత ఉండేది. దాన్ని కదిలించలేక రోగిని ఉన్నచోటే ఉంచి సంకేతాన్ని కదిలించాడు. రోగి మోసుకు తిరిగే ఈసీజీ గురించి నార్మన్ హోల్టర్ 1961లో ప్రకటించాడు. రక్తంలో గ్లూకోజు కొలిచే తొలి మీటరు 1970 దశకం ఆరంభంలో అమెరికాలో వచ్చింది. అది డాక్టర్ల గదుల కోసం చేసినది. ఇళ్లకు చేరడానికి చాలా కాలం పట్టింది.

పెద్ద ఎత్తున తొలి ప్రయత్నం అమెరికాలో మాజీ సైనికుల ఆరోగ్య విభాగానిది. 2003లో మొదలైన వారి పథకంలో 17,025 మంది రోగుల అనుభవాన్ని 2008లో ప్రచురించారు. ఆసుపత్రిలో గడిపిన రోజులు 25 శాతం, చేరికలు 19 శాతం తగ్గాయని అందులో ఉంది. ఆ ఉత్సాహం ఎంతోకాలం నిలవలేదు. గుండె వైఫల్యం ఉన్న 1,653 మంది రోజూ ఒక యాంత్రిక ఫోను లైనుకు తమ బరువు, లక్షణాలు చెప్పే ప్రయోగం ఫలితం 2010లో వెలువడింది. మామూలు వైద్యానికీ దానికీ తేడా కనిపించలేదు. 2018లో జర్మనీ నుంచి వచ్చిన అధ్యయనంలో 1,571 మంది పాల్గొన్నారు. అక్కడ అవతలి వైపు రాత్రింబవళ్లు డాక్టర్లు, నర్సులు కూర్చున్నారు. మరణాలు తగ్గాయి.  పంపిన సమాచారాన్ని అందుకున్నదెవరు అన్నది రెండింటికీ మధ్య ఒక ముఖ్యమైన తేడా.

అరగొండ

తెలుగు నేల మీద ఈ కథ చిత్తూరు జిల్లా తవణంపల్లె మండలంలోని అరగొండతో మొదలవుతుంది. అపోలో ఆసుపత్రుల వ్యవస్థాపకుడు ప్రతాప్ సి.రెడ్డి సొంతూరు అది. అక్కడి ఆసుపత్రిని ఉపగ్రహ సంబంధంతో పెద్దాసుపత్రులకు కలిపిన టెలీమెడిసిన్ కేంద్రాన్ని 2000 మార్చి 24న, ఆ రోజు హైదరాబాద్ పర్యటనలో ఉన్న అమెరికా అధ్యక్షుడు బిల్ క్లింటన్ ప్రారంభించాడు. ఆనాటి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం సాంకేతికతను తన జెండాగా ఎగరేస్తున్న కాలం కావడంతో ఊరి పేరు పత్రికల్లో మార్మోగింది. మరుసటి ఏడాది నుంచి ఇస్రో కూడా తన ఉపగ్రహాలతో దేశంలో మారుమూల ఆసుపత్రులను కలిపే పనికి దిగింది.

అప్పటి టెలీమెడిసిన్ ప్రధానంగా స్పెషలిస్టు సలహా కోసం పుట్టింది. ఈసీజీయో ఎక్స్‌రేయో పంపడం, తెర మీద డాక్టరు చూడటం, అంతటితో పని పూర్తి. ఏళ్లపాటు నెలనెలా పలకరించాల్సిన షుగరు రోగికి ఈ పద్ధతి సరిపడేది కాదు. తవణంపల్లె మండలమంతటా ఇంటింటి పరీక్షలతో దీర్ఘకాలిక జబ్బులను పట్టించుకునే కార్యక్రమాన్ని అపోలో సంస్థ 2013లో చేపట్టింది. అంటే ఉపగ్రహం వచ్చిన పదమూడేళ్లకు.

గోదావరి పల్లెల లెక్క

అరగొండకు వచ్చినంత పేరు రాకపోయినా, ఈ రంగంలో అంతకంటే లోతైన పని ఉభయ గోదావరి జిల్లాల్లో జరిగింది. బైర్రాజు ఫౌండేషన్, హైదరాబాద్‌లోని కేర్ ఫౌండేషన్, ఢిల్లీలోని సెంటర్ ఫర్ క్రానిక్ డిసీజ్ కంట్రోల్, ఆస్ట్రేలియాకు చెందిన జార్జ్ ఇన్‌స్టిట్యూట్ కలిసి 45 గ్రామాల్లో 1,80,162 మంది జనాభాలో ఏడాదిపాటు ఎవరు దేనివల్ల చనిపోయారో ఆరా తీశాయి. ఆరోగ్య కార్యకర్తలు చావు జరిగిన ఇంటికి వెళ్లి, చివరి రోజుల లక్షణాలు అడిగి రాసుకొచ్చేవారు. 2003-04లో నమోదైన 1,354 మరణాల్లో 32 శాతం గుండె, రక్తనాళాల జబ్బులవే. 2006లో ప్రచురించిన ఈ ఫలితం, పల్లెల్లో జనం అంటురోగాలతోనే పోతారు, గుండెపోటు పట్నం జబ్బు అన్న నమ్మకాన్ని దెబ్బతీసింది. వరి, కొబ్బరి, చేపల చెరువులతో సాపేక్షంగా కలిగిన పల్లెలివి. అందుకని ఈ లెక్కను ఆదిలాబాద్ గూడేలకో అనంతపురం మెట్టకో యథాతథంగా అంటగట్టడం సరికాదు.

ఆ తర్వాతి ప్రశ్న సహజమైనదే: డాక్టరు లేని ఊళ్లో ముప్పున్న వారిని ఎవరు కనిపెట్టాలి? డాక్టర్లు కానివారికి అంచెలంచెల ప్రశ్నల పట్టిక ఇచ్చి అదే ప్రాంతంలో పరీక్షించారు. ఆ పట్టికే కొన్నేళ్లకు టాబ్లెట్ కంప్యూటర్‌లోకి ఎక్కి ‘స్మార్ట్‌హెల్త్’ అయింది. పశ్చిమ గోదావరి జిల్లాలో 18 ప్రాథమిక ఆరోగ్య కేంద్రాలు (పీహెచ్‌సీలు), వాటి పరిధిలోని 54 గ్రామాల్లో దీన్ని నడిపారు. ఆశా కార్యకర్త ఇంటికి వెళ్లి బీపీ, షుగర్ చూస్తుంది. వయసు, పొగతాగే అలవాటు లాంటివి నమోదు చేస్తుంది. రానున్న పదేళ్లలో గుండెపోటో పక్షవాతమో వచ్చే ముప్పెంతో టాబ్లెట్ లెక్కగట్టి రంగుల్లో చూపిస్తుంది. ముప్పు ఎక్కువైతే వివరాలు పీహెచ్‌సీ డాక్టరుకు చేరతాయి. ఏ మందు మొదలుపెట్టవచ్చో ఆయన తెర మీద సూచన వస్తుంది. మాత్రలు మరవకుండా రోగి ఫోనుకు రికార్డు చేసిన తెలుగు గొంతు గుర్తుచేస్తుంది.

నలభై ఏళ్లు దాటిన 62,254 మందిని పరీక్షించగా 8,642 మందికి ముప్పు ఎక్కువని తేలింది. ఇంతమందిని గుమ్మం దగ్గరే గుర్తించడం చిన్న పని కాదు. అయితే 2019లో ప్రచురించిన తుది ఫలితంలో, బీపీ అదుపులోకి వచ్చినవారి వాటా స్మార్ట్‌హెల్త్ అమలైన కాలంలోనూ, అంతకు ముందు మామూలు వైద్యం నడిచిన కాలంలోనూ నూటికి నలభై దగ్గరే ఉంది. చెప్పుకోదగ్గ తేడా లేదు. డిజిటల్ ఆరోగ్యం మీద వచ్చే ప్రచార పత్రాల్లో ఈ అంకె అరుదుగా కనిపిస్తుంది. నిజానికి ఈ రంగంలో తెలుగు జిల్లాలు ప్రపంచానికి ఇచ్చిన పాఠాల్లో ఇదే విలువైనది. ఆశా పని ఆశా చేసింది, టాబ్లెట్ పని టాబ్లెట్ చేసింది. పీహెచ్‌సీ దాకా వెళ్లడం, అక్కడ డాక్టరు ఉండటం, మందు దొరకడం, దాన్ని ఏళ్ల తరబడి మింగడం మాత్రం తెర బయటి సంగతులు.

104 బండి

2007లో ఆంధ్రప్రదేశ్‌లో రెండు పథకాలు దాదాపు ఒకేసారి మొదలయ్యాయి. ఆరోగ్యశ్రీ పెద్ద ఆపరేషన్లకు డబ్బు కట్టింది. గుండె ఆపరేషన్ దాకా రాకుండా ఆపే బీపీ బిళ్ల దాని పరిధిలోది కాదు. ఆ ఖాళీలోకి వచ్చింది 104. సత్యం కంప్యూటర్స్ అధినేత బి.రామలింగరాజు స్థాపించిన హెచ్‌ఎంఆర్‌ఐ సంస్థ, ప్రభుత్వ భాగస్వామ్యంతో 104 నంబరు మీద ఆరోగ్య సలహా కేంద్రం నడిపింది. ఫోనెత్తిన సిబ్బంది కంప్యూటరు చూపే ప్రశ్నల వరుస ప్రకారం లక్షణాలు అడిగి సలహా చెప్పేవారు, అవసరమైతే డాక్టరుకు కలిపేవారు.

జనం మనసులో నాటుకున్నది ఫోను కంటే బండి. ఆరోగ్య కేంద్రానికి మూడు కిలోమీటర్లకు మించి దూరమున్న ఊళ్లకు నెలనెలా ఒకే తేదీన వచ్చే 475 సంచార వాహనాలతో ఈ సేవ రాష్ట్రమంతటా విస్తరించింది. గర్భిణులు, పసిపిల్లలతో పాటు బీపీ, షుగర్, ఆస్తమా ఉన్నవారి పేర్లు రాసుకుని నెలకు సరిపడా మందులు ఇచ్చేవారు. మన పల్లెల్లో దీర్ఘకాలిక రోగి అనేవాడికి ఒక జాబితాలో చోటు, ఒక తేదీ, ఒక మందుల పొట్లం కలిసి దొరకడం దాదాపు ఇదే తొలిసారి. బండి రాని నెల ముసలివాళ్లు ఆశా కార్యకర్తను నిలదీసేవారంటే ఆ తేదీకి ఎంత అలవాటుపడ్డారో తెలుస్తుంది. 2009 జనవరిలో సత్యం ఖాతాల కుంభకోణం బయటపడ్డాక సంస్థ చేతులు మారి పిరమల్ స్వాస్థ్యగా మారింది. బండ్ల నిర్వహణ కూడా ప్రభుత్వాలతో పాటు మారుతూ వచ్చింది. ఆంధ్రప్రదేశ్‌లో 2020 జులై 1న మండలానికొకటి చొప్పున కొత్త 104 వాహనాలు రోడ్డెక్కాయి. 2023 ఏప్రిల్ 6న పల్నాడు జిల్లా లింగంగుంట్లలో ప్రారంభించిన ఫ్యామిలీ డాక్టర్ విధానంలో పీహెచ్‌సీ డాక్టరే ఆ బండిలో ఊరి క్లినిక్‌కు వచ్చే ఏర్పాటు చేశారు.

రాష్ట్రం విడిపోయాక తెలంగాణ మరో దారి పట్టింది. రక్తపోటు అదుపు కోసం జాతీయ స్థాయిలో 2017 చివర మొదలైన కార్యక్రమంలో తొలి అయిదు రాష్ట్రాల్లో తెలంగాణ ఒకటి. ఒకే రకం మందుల వరుస, ప్రతి రోగికీ తప్పనిసరి నమోదు దాని పద్ధతి. 2022 మార్చిలో ములుగు, రాజన్న సిరిసిల్ల జిల్లాల్లో ఇంటింటికీ తిరిగి ఆరోగ్య వివరాలు సేకరించారు.

ఢిల్లీ, సాకేత్

నిబంధనలు మాత్రం ఢిల్లీ నుంచి వచ్చాయి. ఫోనులో వైద్యం చట్టసమ్మతమా కాదా అన్న అనుమానం డాక్టర్లను ఏళ్లపాటు వెనక్కి లాగింది. 2020 మార్చి 25న, అంటే దేశమంతా లాక్‌డౌన్‌లోకి వెళ్లిన రోజునే, టెలీమెడిసిన్ మార్గదర్శకాలు వెలువడ్డాయి. తొలిసారి వీడియోలో చూసి రాయదగ్గ మందులు, పాత రోగికి ఫోనులో కొనసాగించదగ్గ మందులు, అసలు రాయకూడనివి అని విడదీశారు. పాత చీటీ మీదే మందు కొనసాగించే షుగరు, బీపీ రోగులకు ఇది బాగా కలిసొచ్చింది.

దక్షిణ ఢిల్లీ సాకేత్‌లోని మ్యాక్స్ లాంటి కార్పొరేట్ ఆసుపత్రులు కోవిడ్ కాలంలో వార్డులు నిండిపోవడంతో, లక్షణాలు తక్కువున్న వారిని ఇంట్లోనే ఉంచి ఫోను మీద చూసే పద్ధతికి మళ్లాయి. 2020 జూన్‌లో ఢిల్లీ ప్రభుత్వం ఇంట్లో ఉన్న రోగులకు పల్స్ ఆక్సీమీటర్లు పంచింది. అంతవరకు ఎక్కువగా ఆసుపత్రుల్లోనే కనబడిన ఆ పరికరం కొద్ది నెలల్లో దేశమంతటా ఇళ్లకు చేరింది. 1970 దశకంలో దాని మూలసూత్రం కనిపెట్టిన జపాన్ ఇంజినీరు టకువో అయోయాగి అదే ఏడాది ఏప్రిల్‌లో చనిపోయాడు. ఇంటి కొలతను డాక్టరు నమ్మడం, డాక్టరు ఫోను మాటను రోగి నమ్మడం అనే రెండు అలవాట్లు ఈ కొద్ది నెలల్లో పడ్డాయి. కోవిడ్ తగ్గాక అవి షుగరు, గుండె రోగులకు పనికొచ్చాయి.

సాకేత్‌కు కొద్ది కిలోమీటర్ల దూరంలోని ఎయిమ్స్ పరిశోధకులు పాలుపంచుకున్న ఒక అధ్యయనాన్ని కూడా ఇక్కడ చెప్పుకోవాలి. ఇండియా, పాకిస్తాన్‌లలోని 10 ఆసుపత్రుల్లో 1,146 మంది షుగరు రోగులతో జరిగిన దాని ఫలితాలు 2016లో అచ్చయ్యాయి. కంప్యూటరు సలహాకు తోడు, రోగికి ఫోను చేసి వెంటపడే ఒక సంరక్షణ సమన్వయకర్తను నియమించారు. షుగరుతో పాటు బీపీయో కొలెస్టరాలో కూడా అదుపులోకి తెచ్చుకున్నవారు మామూలు వైద్యంలో 8 శాతం ఉంటే, ఈ పద్ధతిలో 18 శాతం. రెట్టింపు దాటిందని సంతోషించవచ్చు. ఇంత చేసినా నూటికి ఎనభైమందికి పైగా గమ్యం చేరలేదని కూడా గమనించాలి.

ఈ-సంజీవని

కేంద్ర ప్రభుత్వం సీ-డాక్ సంస్థ మొహాలీ కేంద్రం చేత తయారు చేయించిన ఈ-సంజీవని 2019 నవంబరులో మొదలైంది. ఊరి క్లినిక్‌లో సిబ్బంది రోగిని కూర్చోబెట్టి, పెద్దాసుపత్రిలోని డాక్టరుతో వీడియోలో మాట్లాడిస్తారు. 2023 ఫిబ్రవరిలో దేశవ్యాప్త సంప్రదింపులు 10 కోట్లు దాటినప్పుడు, అందులో 3.17 కోట్లతో ఆంధ్రప్రదేశ్ మొదటి స్థానంలో నిలిచింది. రెండో స్థానంలోని తమిళనాడు 1.23 కోట్ల దగ్గర ఉంది. ఈ ఘనత నిజమే. కానీ ఇది మాట్లాడిన కాల్స్ లెక్క. అదుపులోకి వచ్చిన బీపీల లెక్క వేరే తీయాలి. ఒకే రోగి పన్నెండుసార్లు మాట్లాడితే పన్నెండు సంప్రదింపులు నమోదవుతాయి.

చేతికి అంటించుకునే కొలత

మార్కెట్ కూడా ఊరుకోలేదు. ఐసీఎంఆర్ 2023లో ప్రచురించిన అధ్యయనం దేశంలో 10.1 కోట్ల మందికి మధుమేహం ఉందని అంచనా వేసింది. ఢిల్లీ కేంద్రంగా 2015లో పుట్టిన బీట్‌ఓ లాంటి సంస్థలు ఫోనుకు కలిపే షుగర్ మిషన్ అమ్మి, వెనక నుంచి డైటీషియన్, డాక్టరు సలహాలు జోడించాయి. భుజం కింద అంటించుకుంటే రెండు వారాలపాటు గ్లూకోజు చూపే సెన్సర్లు వచ్చాయి. వాటి అంకెలు కుటుంబసభ్యుల ఫోన్లకూ వెళ్తాయి గనక, గుంటూరులో నాన్న రెండో గరిటె అన్నం వడ్డించుకున్న సంగతి డల్లాస్‌లో ఉన్న కూతురికి తెలిసిపోయే కాలం వచ్చింది. దీనివల్ల పెరిగింది ఆరోగ్యమా, పోరా అన్నది ఇంటింటికీ మారే విషయం. సెన్సరును రెండు వారాలకోసారి మార్చాలి, ఖర్చు జేబు నుంచే. పట్టీ లేకుండా బీపీ చెబుతామనే చేతి గడియారాలను నమ్మి మందు మార్చవద్దని యూరోపియన్ హైపర్‌టెన్షన్ సొసైటీ 2022లో హెచ్చరించింది. ఇలా ఫోన్ల మధ్య తిరిగే వివరాల సంగతికొస్తే, వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 2023 ఆగస్టులో వచ్చింది.

ప్రభుత్వ ఆసుపత్రుల వైపు చూస్తే, 2025 జులైలో కుప్పం ఏరియా ఆసుపత్రిలో టాటా సంస్థ సాయంతో డిజిటల్ నెర్వ్ సెంటర్ ప్రారంభమైంది. కర్ణాటకలోని కోలారు జిల్లాలో అంతకుముందు నడిచిన నమూనా ఇది. పీహెచ్‌సీలను, గ్రామ క్లినిక్‌లను ఒక కేంద్రానికి కలిపి, ఎవరికి ఏ పరీక్ష బాకీ ఉందో చూసి అక్కడి సిబ్బంది ఫోను చేసి పిలుస్తారు.