ఒక్క సినిమా, బతుకంతా వేషం: పి.కె. రోసీ చరిత్ర

పి.కె. రోసీ సినిమా జీవితం ఒకే ఒక్క సినిమా. మలయాళంలో తొలి కథాచిత్రం 'విగతకుమారన్' అనే మూకీలో ఆమె కథానాయిక. అయినా సినిమా చరిత్రలు చాలాకాలం దర్శకుడు జె.సి. డేనియల్ పేరు చెప్పాయే తప్ప ఈమె ఊసెత్తలేదు.

రోసీ 1903లో తిరువనంతపురంలో పులయ కులంలో పుట్టింది. మన మాల మాదిగల్లాగే పొలాల్లో చాకిరీ చేసి, ఊరికి మాత్రం అంటరానిదైన కులం అది. ఆమె గడ్డి కోసి బతికింది. కాక్కారిశ్శి అనే జానపద నాటకాల్లో ఆడింది. డేనియల్ ఆమెకిచ్చిన పాత్ర సరోజిని అనే నాయరు స్త్రీ. గొడవంతా ఇక్కడే ఉంది.

తిరువనంతపురం కాపిటల్ థియేటర్లో తొలి ఆట పడింది. అది 1928లో అని కొందరు, 1930లో అని కొందరు పరిశోధకులు అంటారు. ఆమె వస్తే మేం రామని పెద్దమనుషులు పట్టుబట్టారు. హీరో ఆమె కొప్పులో పువ్వును ముద్దాడే సన్నివేశం రాగానే తెర మీద రాళ్ళు పడ్డాయి. ఆమె ఇల్లు తగలబెట్టారు. రోసీ లారీ ఎక్కి నాగర్‌కోయిల్ పారిపోయింది.

ఆ లారీ డ్రైవరు నాయరు. అతన్నే పెళ్ళాడి, రాజమ్మాళ్ పేరుతో, గతం దాచుకుని 1988లో చనిపోయేదాకా బతికింది. తెర మీద కాసేపు నాయరు వేషం కడితే ఓర్వని సమాజమే, బతుకంతా ఆమెతో ఆ వేషం కట్టించింది.

ఇక మన సంగతి చూద్దాం. 1938లో గూడవల్లి రామబ్రహ్మం 'మాలపిల్ల' తీశారు. బ్రాహ్మణ యువకుడు మాలపిల్లను ప్రేమించే కథ. అప్పటికే పేరున్న కాంచనమాల ఆ పాత్ర వేసింది. సినిమా బాగా ఆడింది, సంస్కరణ అని మెచ్చుకున్నారు. రెండూ పక్కపక్కన పెట్టి చూడండి. దళిత పాత్ర మీద జాలి చూపితే చప్పట్లు. దళిత మనిషి పైకులం పాత్రలోకి వస్తే రాళ్ళు. జాలికి అడ్డు లేదు, సమానతకే అడ్డు. సింగరాయకొండలో రైలెక్కి సినిమాల్లోకి పోదామనుకునే మన పిల్లలకు ఈ తేడా తెలియాలి.

డేనియల్ పేర కేరళ ప్రభుత్వ అవార్డు 1992లో మొదలైంది. రోసీ పేర ఫిల్మ్ సొసైటీ పెట్టింది 2019లో, అదీ సినిమాల్లో పనిచేసే ఆడవాళ్ళు. ఆ సినిమా ప్రతి మిగల్లేదు. ఆమె నోటితో చెప్పిన చరిత్రా మిగల్లేదు. మన పల్లెల్లో వేషాలు కట్టినోళ్ళు ఇంకా ఉన్నారు. వాళ్ళు బతికుండగానే అడిగి రాసుకోవాల్సింది మనమే.