పేరు – అర్థం – ఆధారం

ఆడబిడ్డకు ఆసియా అని పేరు పెట్టుకున్న దంపతులతో ఎవరో వచ్చి, “ఆ పేరుకు పాపాత్మురాలని అర్థం, వెంటనే మార్చండి” అంటే వారి మనసు ఎంత కలత చెందుతుంది! ఇటువంటి చోట కావలసింది తొందరపాటు కాదు, పరిశీలన. అది ఎలా చేయాలో మన ప్రాంత చరిత్రే నేర్పుతుంది.

17వ శతాబ్దంలో గోల్కొండ కుతుబ్ షాహీల తరఫున శ్రీకాకుళానికి ఫౌజుదారుగా వచ్చినవాడు షేర్ ముహమ్మద్ ఖాన్. శ్రీకాకుళంలోని జుమ్మా మసీదు ఆయన కట్టించినదని ప్రసిద్ధి. ఆయన వెంట వచ్చిన పెద్దరాయుడు కోట కట్టి, తన అధికారి పేరు మీద దానికి ‘పెద్దపులి’ అని పేరు పెట్టాడనీ, అదే పెబ్బులి, బెబ్బులి అయి, చివరకు బొబ్బిలి అయిందనీ ఐతిహ్యం.

‘షేర్’ పారశీక పదం. ఇరాన్‌లో దానికి సింహమని అర్థం. పులిని అక్కడ ‘బబ్ర్’ అంటారు. ఆ ఒక్క నిఘంటువే చూసినవారు ఈ ఐతిహ్యం తప్పని తేల్చివేస్తారు. కాని ఉర్దూలో షేర్ అంటే పులి కూడా. మన మన్యంలో తిరిగినది పులే గాని సింహం కాదు. కనుక భాష దృష్ట్యా ఐతిహ్యానికి అడ్డు లేదు. అయితే అడ్డు లేకపోవడం వేరు, రుజువు కావడం వేరు. బెబ్బులి అన్నది అచ్చమైన తెలుగు మాట. ఖాన్‌గారి పేరుతో నిమిత్తం లేకుండానే అది ఊరి పేరు కావచ్చును.

ఇప్పుడు ఆసియా సంగతి చూద్దాం. హజ్రత్ ఉమర్ (రజి) కుమార్తె ఒకామె పేరును దైవప్రవక్త (స) జమీలాగా మార్చినట్లు సహీహ్ ముస్లింలో ఉంది. ఆమె పాత పేరు ‘ఐన్’, ‘సాద్’ అక్షరాలతో రాసేది. అవిధేయురాలని దాని అర్థం. ఫిరౌన్ భార్య, విశ్వాసినులకు ఆదర్శమైన ఆసియా (అలై) పేరు ‘అలిఫ్’, ‘సీన్’ అక్షరాలతో రాసేది. దివ్య ఖుర్ఆన్ 66వ సూరా ఆమెను పేరు చెప్పకుండా ప్రస్తావించింది. పేరు హదీసుల ద్వారా తెలుస్తున్నది. ఈ రెండు పేర్లూ వేరు. తెలుగు లిపిలో మాత్రం రెండూ ఒకటిగానే కనిపిస్తాయి! నజీర్ కూడా అంతే: ‘జాల్’తో రాస్తే హెచ్చరించేవాడు, ‘జోయ్’తో రాస్తే సాటివాడు.

కాబట్టి పేరు అర్థం చెప్పేవారిని మూడు ప్రశ్నలు అడగాలి. మూల లిపిలో దాని అక్షరాలేవి? అది ఏ భాషా పదం? ఆ అర్థం ఏ దేశపు వాడుకలోనిది? వీటికి జవాబు దొరకనిదే పేరు పెట్టనూ వద్దు, ఉన్న పేరును నిందించనూ వద్దు.

జనన నమోదు తెలుగులో జరిగినా, బిడ్డ పేరును ఇంట్లో ఒక కాగితం మీద అరబ్బీ అక్షరాలలో కూడా రాసి ఉంచడం తల్లిదండ్రుల బాధ్యత. రేపు ఆ బిడ్డే అడిగినప్పుడు చూపడానికి ఆధారం ఉంటుంది.