వర్తూరు చెరువు, చిన్న కప్ప, పెద్ద చరిత్ర

చరిత్ర అంటే రాజులు, యుద్ధాలు, కోటలు అనుకుంటాం. కానీ చెరువుకీ చరిత్ర ఉంది, ఆ చెరువు గట్టున అరిచే కప్పకీ చరిత్ర ఉంది. ఇది మన వర్తూరు చరిత్ర కూడా. అందుకే దీన్ని మనం తెలుసుకోవాలి.

వానలు పడకపోతే తెలుగు పల్లెల్లో కప్పతల్లి ఆట ఆడేవాళ్లు. రోకలికి వేపమండలు కట్టి, కప్పను దానికి కట్టి, ఇద్దరు భుజాన మోసుకుంటూ ఇల్లిల్లూ తిరిగేవాళ్లు. ప్రతి ఇంటివాళ్లూ రోకలి మీద నీళ్లు పోసేవాళ్లు. కర్ణాటక పల్లెల్లో కప్పలకు పెళ్లి చేస్తారు. భాష వేరైనా నమ్మకం ఒక్కటే: కప్ప అరిస్తే వాన వస్తుంది. నిజానికి వానను తెచ్చేది కప్ప కాదు. వాన కోసం మనలాగే అదీ ఎదురుచూస్తుంది. తేమ పెరిగి నీళ్లు చేరగానే మగకప్పలు ఆడకప్పలను పిలుస్తాయి. మనకు వినిపించే బెకబెకలు అవే.

ప్రపంచంలో అన్ని కప్పలకూ చెరువు అక్కర్లేదు. పాపువా న్యూ గినియాలోని పల్లపు వానఅడవిలో, అమావు అనే ఊరి దగ్గర, శాస్త్రవేత్తలు ఒక కప్పను కనుగొన్నారు. 2012లో దాని వివరాలు ప్రకటించారు. దాని పొడవు సగటున 7.7 మిల్లీమీటర్లు, అంటే మన చిటికెనవేలి గోరంత కూడా ఉండదు! పురుగు కూతలాంటి శబ్దం విని, ఆ చోట రాలిన ఆకులన్నీ సంచిలోకి ఎత్తి, ఒక్కో ఆకూ తీసి చూస్తే కప్ప దొరికింది. అలాంటి కప్పలకు తోకకప్ప దశ ఉండదు. గుడ్డులోంచి నేరుగా బుల్లి కప్పే వస్తుంది. ఏడాది పొడుగునా తడిగా ఉండే ఆకులే వాటికి చెరువు.

మన బెంగళూరు అలాంటి చోటు కాదు. ఇక్కడ పెద్ద నది లేదు. అందుకే మన పూర్వీకులు వాననీళ్లు ఆపడానికి ఒకదాని కింద ఒకటిగా చెరువులు తవ్వించారు. బెళ్లందూరు చెరువు నిండితే నీళ్లు వర్తూరు చెరువుకు వస్తాయి, అక్కడి నుంచి దక్షిణ పినాకినిలో కలుస్తాయి. నగరంలో బెళ్లందూరు తర్వాత పెద్ద చెరువు మనదే. మనుషులు పంటల కోసం కట్టిన చెరువు కప్పలకూ ఇల్లయింది.

తర్వాత కప్పకు రెండు కష్టాలు వచ్చాయి. మొదటిది వ్యాపారం. ఒకప్పుడు మన దేశం నుంచి కప్పకాళ్లు యూరప్‌కు, అమెరికాకు ఓడల్లో వెళ్లేవి. 1980ల మొదట్లో ఏడాదికి 4,000 టన్నులకు పైగా ఎగుమతి అయ్యాయి. ఒక టన్ను కాళ్ల కోసం ఎన్ని కప్పలను చంపాలో లెక్క వేసుకోండి! పొలాల్లో పురుగులను తినే కప్పలు తగ్గిపోతే రైతుకే నష్టమని పలువురు హెచ్చరించారు. చివరికి 1987లో ప్రభుత్వం ఈ ఎగుమతిని నిషేధించింది.

రెండో కష్టం మురుగు. నగరం పెరిగి, ఇళ్ల మురుగునీళ్లు చెరువుల్లోకి వచ్చాయి. సబ్బుపొడి నీళ్ల వల్ల 2015లో వర్తూరు నురుగు గాలికి లేచి రోడ్డు మీద పడింది. ఆ ఫొటోలు ప్రపంచమంతా చూసింది. బెళ్లందూరు చెరువు మీద మంటలు కూడా లేచాయి. 2018 డిసెంబరులో జాతీయ హరిత ట్రిబ్యునల్ కర్ణాటక ప్రభుత్వానికి 50 కోట్లు, నగరపాలికకు 25 కోట్ల రూపాయల జరిమానా వేసింది. ఆ తర్వాత పూడిక తీసే పనులు మొదలయ్యాయి. కప్ప చర్మంతో కూడా గాలి పీలుస్తుంది, నీళ్లు తీసుకుంటుంది. నీళ్లలో విషముంటే అది సూటిగా ఒంట్లోకి పోతుంది. అందుకే నీళ్లు చెడిపోతే ముందుగా దెబ్బ తినేది కప్పే.

ఇంత జరిగినా ఒక మంచి వార్త ఉంది. 2020లో బెంగళూరు శివారున, రాజానుకుంటె దగ్గర, కొత్త జాతి కప్పను గుర్తించి, దానికి ఈ నగరం పేరే పెట్టారు: స్ఫేరోథీకా బెంగళూరు. ఊరి పేరులోనే కుంట ఉంది చూడండి! ఇది నేలను తవ్వుకునే కప్ప. ఇలాంటి కప్పలు వెనకకాళ్లతో మట్టి తోడుకుంటూ లోపలికి పోయి, ఎండాకాలమంతా దాక్కుంటాయి. తొలకరికి బయటికొచ్చి నీటిగుంటల్లో గుడ్లు పెడతాయి. అది దొరికింది కారడవిలో కాదు, మనం పనికిరాని బీడు అని వదిలేసే నేలలో.

వానఅడవి కప్పకు రాలిన ఆకులు ఎంతో, మన కప్పకు బీడునేల, వానగుంట, చెరువుగట్టు అంతే. ప్రతి ఖాళీ జాగాకూ సిమెంటు వేసేస్తే నేలలోని కప్ప పైకి ఎలా వస్తుంది? ఇంటి ముందు కొంచెం మట్టి వదులుదాం. చెత్త, సబ్బునీళ్లు కాలువలోకి పోకుండా చూద్దాం. వాన పడిన రాత్రి కిటికీ తెరిచి, ఎన్ని రకాల కూతలు వినిపిస్తున్నాయో నోటుబుక్కులో రాసుకుందాం. ప్రతి ఏడూ అలా రాస్తే, వర్తూరు చరిత్రలో ఒక పేజీ మనమే రాసినవాళ్లమవుతాం.