చేయి చాచినంత దూరము

చలనచిత్రము జన్మించిన నాడే కుటుంబచిత్రమును జన్మించెను. 1895 డిసెంబరు 28వ తేదీన పారిసు నగరమందలి గ్రాండ్ కెఫేలో లూమియేర్ సోదరులు రుసుము గైకొని ప్రదర్శించిన పది లఘుచిత్రములలో, కర్మాగారమునుండి వెలువడు పనివాండ్రతోపాటు, అగ్రజుడైన ఆగస్టు భార్యాసమేతుడై పసికూనకు చెంచాతో బువ్వ తినిపించు దృశ్యమొకటి యుండెను. అయినను కెమెరా సామాన్య గృహస్థుని చేతికి వచ్చుటకు చిరకాలము పట్టినది. 1932లో కోడాక్ సంస్థ ఎనిమిది మిల్లీమీటర్ల ఫిల్మును వెలువరించెను. 1965లో ఆ సంస్థయే సూపర్ 8ను, జపానునందు ఫూజీ సంస్థ సింగిల్ 8ను విపణికి తెచ్చెను. కార్ట్రిజ్ ఒక్కింటికి 50 అడుగులు. సెకనుకు 18 ఫ్రేముల వేగమున 3 నిమిషముల 20 సెకన్లలో అది తీరిపోవును. అంత స్వల్పమగు నిడివిని గృహస్థులు జన్మదినములకు, వివాహములకు, విహారములకు వెచ్చించిరి. ఇంట లేనివారికి దానిపై చోటు లేకపోయెను.

ఆ చోటును కల్పించినది జపాను దర్శకురాలు నవోమి కవాసే. 1969లో నారా నగరమున జన్మించిన ఆమెను, తలిదండ్రులు విడిపోవుటచే, బంధువులైన వృద్ధదంపతులు దత్తు చేసికొని పెంచిరి. 1989లో ఒసాకాయందు ఛాయాగ్రహణ విద్య ముగించి, ఆ ఎనిమిది మిల్లీమీటర్ల చిన్న కెమెరానే చేపట్టి, 1992లో ‘ఎంబ్రేసింగ్’ అను 40 నిమిషముల చిత్రమున, తానెరుగని తండ్రిని వెదకుటకు బయలుదేరెను. జపానీయులు ‘కొసెకి’ యని పిలుచు కుటుంబపు రిజిస్టరులోని చిరునామాల జాడబట్టి తిరిగిన ఆ యన్వేషణము తుదకొక టెలిఫోను పిలుపునకు చేరును. ఉన్నవారిని దాచుకొనుటకై పుట్టిన సాధనముతో లేనివానిని వెదకుట! సినిమా చరిత్రమున నింతటి మలుపు, ఇంత నిశ్శబ్దముగా, అరుదుగా వచ్చినది.

1994 నాటి ‘కతాత్సుమోరి’ కవాసేను పెంచిన ముదుసలిని గూర్చినది. నరీతా విమానాశ్రయ నిర్మాణము నెదిరించిన రైతుల నడుమ ఒగావా షిన్‌సుకె ఏండ్ల తరబడి నివసించి చిత్రములు తీసిన దేశమున, ఒక యువతి పెరటి బఠాణీ పాదులను, వానిని సాకు అవ్వను చూచుచు కూర్చుండుట కొందరికి సంకుచితముగా తోచెను. నాకట్లు తోచదు, ఒగావా పొలమున చూపిన యోర్పునే ఈమె పెరటిలో చూపెను. ఆయన ప్రోద్బలమున 1989లో నారంభమైన యమగాతా వాస్తవచిత్రోత్సవమే 1995లో ఈ చిత్రమును పురస్కరించినది. (1997లో ఆమె కథాచిత్రము ‘సుజాకు’ కాన్ నగరమున కెమెరా దోర్ బహుమతి నందుటచే లోకమునకు ఆమె పేరు తెలిసెను గాని, ఆ కథ వేరు.)

‘కతాత్సుమోరి’లో ఒక చోట ముదుసలి తోటలో నుండును, కెమెరా గదిలోపల, కిటికీ యద్దమున కీవల నుండును. ఒక చేత కెమెరాను పట్టుకొనియే కవాసే రెండవ చేతిని చాచి, గాజుపై కనవచ్చు నవ్వ రూపును వ్రేళ్లతో మెల్లగా నిమురును.