సాగమోర్ అంటే నాయకుడు

మన పెద్దలు దుంగలు, వెదురు, మట్టితో ఇల్లు కట్టుకుంటే చూసినవాళ్లు వెనుకబాటుతనం అన్నారు. అదే రూపంలో రిసార్టు కడితే అందం అంటున్నారు. ఇది మన దగ్గరే జరగలేదు. అమెరికాలో ఎలా జరిగిందో చూద్దాం.

న్యూయార్క్ రాష్ట్రానికి ఉత్తరాన అడిరాండాక్ కొండలున్నాయి. మొహాక్, అబెనకి ప్రజలు తరతరాలుగా అక్కడ వేటాడారు, చేపలు పట్టారు. 1869లో ముర్రే అనే మతబోధకుడు ఆ అడవులపై పుస్తకం రాయగానే నగరాల జనం ఎగబడ్డారు. వాళ్లకు దారి చూపినవాళ్లు స్థానికులే. అబెనకి జాతివాడైన మిచెల్ సబాటిస్ ఆ కాలంలో పేరుమోసిన గైడు.

1870ల చివర్లో విలియం వెస్ట్ డ్యురాంట్ రాకెట్ సరస్సు ఒడ్డున పైన్ నాట్ క్యాంపు కట్టించాడు. అతని తండ్రి రైలుమార్గాల వ్యాపారి. బెరడు తీయని దుంగలు, వంకర కొమ్మలు, అక్కడి రాళ్లు వాడారు. పనితనం ఊరి వడ్రంగులది, పేరు డ్యురాంట్‌ది. అతను కట్టించిన అంకాస్‌ను జె.పి. మోర్గాన్, సాగమోర్‌ను 1901లో ఆల్ఫ్రెడ్ వాండర్‌బిల్ట్ కొన్నారు. క్యాంపు అన్నది పేరుకే, అవి వేసవి భవంతులు.

అంకాస్ మొహెగన్ జాతి నాయకుడు. సాగమోర్ అంటే ఆల్గాంక్వియన్ భాషల్లో నాయకుడు. ఆదివాసుల మాటలు గుమ్మాలకెక్కాయి, వాళ్ల హక్కులు మాత్రం గుమ్మం దాటి లోపలికి రాలేదు.

1885లో ప్రభుత్వం అక్కడ అటవీ రిజర్వు ఏర్పరచింది. కలప కంపెనీల నుంచి అడవికి రక్షణ దొరికింది. కానీ వంటచెరకు కొట్టుకునే పేదవాడు దొంగయ్యాడు. మరోపక్క ధనికులు వేల ఎకరాలు కొని, ఎవరూ రాకూడదని బోర్డులు పెట్టారు. అలవాటైన ఏటిలో చేపలు పట్టినందుకు ఆలివర్ లమోరా అనే ముసలి మాజీ సైనికుడిపై విలియం రాక్‌ఫెల్లర్ కేసు వేసి ఏళ్ల తరబడి నడిపాడు.

ఈ కథ మనకు కొత్త కాదు. 1882 మద్రాసు అటవీ చట్టం తర్వాత మన పోడు కూడా నేరమైంది. అయితే మన చేతిలో 1/70 చట్టం ఉంది. షెడ్యూల్డు ప్రాంతంలో మన భూమి గిరిజనేతరుల చేతికి పోకూడదని అది చెబుతుంది. సబాటిస్ జాతికి అలాంటి అండ లేదు.

టీచర్లు ఈ చట్టాన్ని పిల్లలకు చదివి వినిపించాలి. యువత తమ కొండల, వాగుల పేర్లు పెద్దలనడిగి రాసిపెట్టాలి. రేపు మన పేర్లు రిసార్టు బోర్డుల మీద మాత్రమే మిగలకూడదు.